నడిమి యేండ్లు

మన దేశమున వివాహవయస్సును గూర్చిన చర్చ నూటనలువది యేండ్లుగా సాగుచున్నది. ఆడుపిల్లకు పెండ్లి యెప్పుడు చేయవలెనన్న ప్రశ్నపై శాసనములు పుట్టినవి, సభలు జరిగినవి, గ్రంథములు వెలువడినవి. ఆ చర్చలో గెలిచినది సంస్కర్తల పక్షమే. అందుకు మేము సంతోషింతుము. కాని ఆ గెలుపు మన యిండ్లలో ఒక క్రొత్త కాలమును సృష్టించినదన్న సంగతిని గెలిచినవారే సరిగా గుర్తింపలేదు. శరీరమున యౌవనము పొడసూపిన నాటికిని పెండ్లినాటికిని నడుమ పూర్వము ఎడము లేదు. ఉన్నను మిక్కిలి స్వల్పము. నేడు ఆ యెడము ఎనిమిదేండ్లు, పదియేండ్లు, పండ్రెండేండ్లు. ఈ నడిమి యేండ్లలో ఆకర్షణను గూర్చి, ప్రేమను గూర్చి, ఎదుటివారి యిష్టాయిష్టములను గూర్చి పిల్లలకు మాట చెప్పవలసినవారెవరు? ఎవరికిని ఆ పని యప్పగింపబడలేదు. అది యెట్లు జరిగినదో ఈ వ్యాసమున విచారింప దలచితిమి.

ముందుగా ఒక మాట చెప్పవలెను. రజస్వలకు పూర్వమే పెండ్లి చేయవలెనన్న నియమము ఎల్ల కులములకును ఉండినది కాదు. పొలము పనులు చేసికొను అనేక కులములలో ఈడు వచ్చిన పిమ్మటనే పెండ్లిండ్లు జరుగుచుండెడివి. బ్రాహ్మణులలోను, వారి యాచారమును గౌరవముగా నెంచి యనుకరించినవారిలోను ఆ నియమము బిగిసినది. అయితే ఉద్యమములు నడిపినవారు, పాఠశాలలకు మొదట వచ్చినవారు, పాఠ్యపుస్తకములు వ్రాసినవారు ఎక్కువగా ఆ యిండ్లవారే. కావున మన బడులకు ఆ యిండ్లలోని మౌనమే వారసత్వముగా సంక్రమించినది.

ఆ యిండ్లలో నేమి జరుగుచుండెడిది? ఆరవయేటనో యెనిమిదవయేటనో పెండ్లి. పిల్ల పుట్టింటనే పెరుగును. సమర్తాడిన నాడు అత్తవారికి కబురు పోవును. పిల్లను మూల కూర్చుండబెట్టి చిమ్మిలియు కొబ్బరియు పెట్టుదురు. పేరంటాండ్రు వచ్చి పాటలు పాడుదురు. పిమ్మట పునస్సంధానమునకు ముహూర్తము. ఆ పాటలలోను, వదినామరదండ్ర పరిహాసములలోను, అమ్మమ్మ చెవిలో చెప్పు మాటలలోను కొంత బోధ కలదు. పండ్రెండేండ్ల పిల్లకు ఆ బోధ ధైర్యము నిచ్చినదో భయము నిచ్చినదో చెప్పవలసినవారు ఆ పిల్లలే. వారి మాట మన గ్రంథములలో మిక్కిలి యరుదు. అయినను చెప్పుటకొక మనిషి యుండెను. తల్లి నోట రాని మాట వదిన నోట వచ్చును. మగపిల్లవానికి అదియును లేదు. చెరువుగట్టున పెద్దపిల్లల వలన వాడు విన్నదే విద్య.

సంస్కృతము చదివినవారము గనుక మాకు ఇక్కడ వాత్స్యాయనుడు గుర్తునకు వచ్చును. ఆ పేరు వినగానే చెవులు మూసికొనువారు గ్రంథమును తెరచి చూచినవారు కారని మా యనుమానము. సుమారు పదునేడు వందల యేండ్ల క్రిందటి ఆ కామసూత్రములలో, స్త్రీలు ఈ శాస్త్రమును చదువవచ్చునా యన్న చర్చయే యొకటి కలదు. చదువరాదన్న పూర్వపక్షమును త్రోసిపుచ్చి, చదువవచ్చుననియు, అదియు యౌవనమునకు ముందే యనియు ఆయన నిర్ణయించెను. అంతట ఆగక, చెప్పదగినవారెవరో పేర్కొనెను: పెండ్లియై కాపురము చేయుచున్న దాది కూతురు, దాపరికము లేక మాటాడు చెలికత్తె, ఈడుకు సరియైన పినతల్లి, నమ్మకమైన ముసలి దాసి, చిరపరిచితురాలైన భిక్షుకి, అక్క. ఈ పట్టికలో తల్లి లేదు, తండ్రి లేడు, గురువు లేడు. మన వదినయు అమ్మమ్మయు ఈ వరుసలోనివారే. సిగ్గు అడ్డుపడని చుట్టరికము గలవారు చెప్పవలెనన్న లోకజ్ఞానము పైకి ఏ శాస్త్రము చదువని యిండ్లలోను నిలిచియుండెను.

అదే గ్రంథమున కన్యావిస్రంభణమని యొక ప్రకరణము గలదు. పెండ్లియైన పిదప మూడు రాత్రులు దంపతులు బ్రహ్మచర్యముతో నుండవలెననియు, పిమ్మటను వరుడు తొందరపడక మాటలచేతను మన్ననచేతను వధువు నమ్మకమును సంపాదింపవలెననియు అందున్నది. నమ్మిక కలుగకముందే బలవంతము చేసినచో ఆమె భయపడి, ఆ సంబంధమునే ద్వేషించునదగునని హెచ్చరిక. ఇది మగవానికి చెప్పిన పాఠమని పాఠకులు గమనింతురు గాక. ఈ గ్రంథమంతయు పూజనీయమని మేము చెప్పుట లేదు. కన్యను ఎత్తుకొనిపోవు ఉపాయములును ఇందే కలవు, వానిని మేము ఏ పిల్లవాని చేతను చదివింపము. మా మాట యింతే. ఎదుటివారి మనస్సు తెలిసికొనవలెనన్నది పరదేశము నుండి దిగుమతియైన భావము కాదు.

కాని బాల్యవివాహము బిగిసిన కొలది ఆ ప్రకరణమునకు చోటు లేకపోయెను. పదియేండ్ల పిల్ల యిష్టమును అడుగువారెవరు? 1860 నాటి శిక్షాస్మృతి పదియేండ్లను హద్దుగా నుంచెను. భార్యయైనను అంతకు లోపు వయస్సుగల పిల్లను కూడుట నేరము. ఆ హద్దు ఎంత కురుచదో 1890లో కలకత్తా న్యాయస్థానమున బయటపడెను. ఫూల్‌మణి దాసి యన్న పసిపిల్ల, ముప్పదియేండ్లు దాటిన భర్త చేతిలో ప్రాణములు కోల్పోయినది. ఆమె పదియేండ్లు దాటినది కావున చట్టము దృష్టిలో అది బలాత్కారము కాదు. అజాగ్రత్తతో హాని చేసినాడని అతనికి ఒక సంవత్సరము కఠినశిక్ష పడెను. 1884 నుండియే బొంబాయిలో బెహ్రాంజీ మలబారీ అను పారసీ పత్రికాకర్త బాల్యవివాహములపై పోరు సాగించుచుండెను. 1891 మార్చిలో హద్దు పండ్రెండేండ్లకు పెరిగెను. పూనాలో తిలకు మహాశయుడు దానిని తీవ్రముగా నెదిరించెను. అన్యప్రభుత్వము మన యింటి గడప దాటరాదని ఆయన వాదము. ఆ వాదములోని స్వాభిమానమును మేము అర్థము చేసికొందుము. కాని ఫూల్‌మణికి ఆ గడప లోపల రక్ష దొరకలేదు.

ఆ కాలపు వ్యవహారములలో మేము మా తరగతిలో తప్పక చెప్పునది రఖ్మాబాయి కథ. బొంబాయిలో ఆమెకు పదునొకండవయేట పెండ్లి చేసిరి. ఆమె పుట్టింటనే యుండి చదువుకొనెను. పెద్దదైన పిమ్మట భర్త కాపురమునకు రమ్మనెను, ఆమె రాననెను. 1884లో అతడు దావా వేసెను. ఊహ తెలియని వయస్సున, తన సమ్మతి లేక జరిగిన పెండ్లికి తాను కట్టుబడనన్నది ఆమె వాదము. మొదట విచారించిన న్యాయమూర్తి పిన్హే, ఇష్టము లేని స్త్రీని ఒక పురుషుని యింటికి బలవంతముగా పంపనని దావా కొట్టివేసెను. అప్పీలు మీద ఆ తీర్పు నిలువలేదు. 1887లో న్యాయమూర్తి ఫారన్, కాపురమునకైన పోవలెను లేదా ఆరునెలలు చెరసాలకైన పోవలెనని యాజ్ఞాపించెను. ఆమె చెరసాలకే పోవుదుననెను. తుదకు 1888లో రెండువేల రూపాయలతో రాజీ కుదిరి భర్త తన హక్కును వదలుకొనెను. రఖ్మాబాయి ఇంగ్లండు పోయి వైద్యవిద్య ముగించి, 1894లో పట్టము పొంది, సూరతులోను రాజకోటలోను దీర్ఘకాలము రోగులను సేవించెను.

ఇప్పుడు తెలుగుదేశము వైపు చూతము. వీరేశలింగము పంతులుగారికి పదుమూడవయేట పెండ్లియైనది, వధువు ఎనిమిదేండ్లది. అట్టి పెండ్లిండ్ల నుండి వచ్చిన మనిషియే 1881 డిసెంబరు 11వ తేదీన రాజమహేంద్రవరమున తొలి వితంతువివాహము జరిపించెను. ఆయన వ్రాయని విషయము లేదు. స్త్రీలకొరకు పత్రిక నడపెను, ఆరోగ్యమును గూర్చి వ్రాసెను, వేశ్యాగమనమును దూషించెను. అయినను ఆయన రచనలలో సంస్కరణ మెల్ల పెండ్లితో మొదలై పెండ్లితో ముగియును. పెండ్లికి ముందు యువతీయువకుల మధ్య నేమి మాట యుండవలెనన్న ప్రశ్న ఆనాటికి పుట్టనేలేదు. పుట్టని ప్రశ్నకు జవాబు చెప్పలేదని ఆయనను తప్పుపట్టుట న్యాయము కాదు.

ఆ ప్రశ్న పుట్టబోవుచున్నదని మొదట కనిపెట్టినవాడు గురజాడ యని మా యభిప్రాయము. కన్యాశుల్కమునకు 1897లో వ్రాసిన ఆంగ్ల పీఠికలో ఆయన కొన్ని లెక్కలిచ్చెను. విజయనగరపు మహారాజు ఆనందగజపతి విశాఖపట్టణపు మండలమున మూడేండ్లలో జరిగిన శుల్కవివాహములను పట్టిక వేయింపగా 1,034 తేలెను. అందు అయిదేండ్ల పిల్లలు 99 మంది, నాలుగేండ్లవారు 44, మూడేండ్లవారు 36, రెండేండ్లవారు ఆరుగురు, ఏడాది పిల్లలు ముగ్గురు. ఈ లెక్కలను మనవారు తరచు చెప్పుదురు. కాని నాటకమున మేము ఎక్కువగా విచారించునది గిరీశము పాత్రను.

గిరీశ మెవడు? వెంకటేశమునకు ఇంగ్లీషు చెప్పు పంతులు. మా వృత్తివాడే; చెప్పుకొనుటకు సిగ్గుగా నున్నది. శిష్యుని వెంట కృష్ణరాయపురపు అగ్రహారమునకు పోయి, వాని యక్కయు బాలవితంతువునగు బుచ్చమ్మను చూచును. ఆమెతో మంచి మాట చెప్పినవాడు, ఆమె బ్రతుకునకు ఇంకొక దారి కలదని మొదట వినిపించినవాడు అతడే. చెప్పిన మాటలు సంస్కర్తలవి. చెప్పువాని యుద్దేశము వేరు. బుచ్చమ్మ నమ్మినది. నమ్మక యేమి చేయును? తండ్రి అగ్నిహోత్రావధానులకు వ్యాజ్యములు, కోపము, తల్లికి కన్నీరు. ఆమె మనస్సును గూర్చి మాటాడిన తొలి మనిషి గిరీశమే. నాటకము చివర సౌజన్యారావు పంతులు అతని నిజము తెలిసికొని, బుచ్చమ్మను పూనాలోని వితంతు శరణాలయమునకు పంపును. మన సాహిత్యమున ప్రేమను బోధించిన తొలి యుపాధ్యాయుడు ఈ వంచకుడగుట కాకతాళీయము కాదు. పెద్దలు ఖాళీగా విడిచిన పీటపై ఎవడో యొకడు కూర్చుండును.

ఆ పీట ఖాళీ మరింత పెద్దదగుటకు కారణము శారదా శాసనము. అజమీరు వాసి హరవిలాస శారద ప్రతిపాదింపగా 1929లో అంగీకరింపబడి, 1930 ఏప్రిలు 1వ తేదీ నుండి అమలునకు వచ్చినది. బాలికకు పదునాలుగు, బాలునకు పదునెనిమిది. శాసనము కుదిరిన నాటికిని అమలునకు వచ్చిన నాటికిని నడుమ ఆరునెలలు గడువుండుటచేత దేశమంతట పెండ్లిపందిళ్ళు లేచినవి. 1931 జనాభా లెక్కలలో బాలభార్యల సంఖ్య తగ్గుటకు మారు పెరిగినట్లు కనబడెను. గోదావరి జిల్లాలవారికి అటుపిమ్మటను ఒక దారి దొరికెను. యానాము ఫ్రెంచివారి యేలుబడిలో నుండుటచేత ఈ శాసనము అక్కడ చెల్లదు. బ్రిటిషు హద్దు దాటి పిల్లలను తీసికొనిపోయి ముడివేసి మరల తీసికొనివచ్చిరి. ఆ యూరికి కల్యాణపురమన్న పేరు ఇట్టి పెండ్లిండ్ల వలననే ప్రసిద్ధమైనది.

అయినను కాలము మారుచుండెను. 1909లో రాజమహేంద్రవరమున జన్మించిన దుర్గాబాయికి ఎనిమిదవయేట మేనరికపు పెండ్లి చేసిరి. ఈడు వచ్చిన పిమ్మట ఆమె ఆ కాపురము తనకు సమ్మతము కాదని తేటగా చెప్పెను. రఖ్మాబాయికి చెరసాల చూపినది న్యాయస్థానము. దుర్గాబాయికి తండ్రియు సోదరుడును తోడు నిలిచిరి. ఆ పిల్లయే పిమ్మట ఉప్పుసత్యాగ్రహమున చెరసాలకు పోయినది, మద్రాసులో ఆంధ్ర మహిళాసభను స్థాపించినది, రాజ్యాంగసభలో కూర్చున్నది. రెండు కథలకును నడుమ నలువది యేండ్లు. భేదము శాసనమున కన్న ఆ తండ్రి చెవిలో నున్నదని మేము తలంతుము. కూతురు చెప్పిన మాటను అవిధేయత యనక, మాటగా వినినాడు.

వయస్సు పెరిగిన కొలది బాలికలు బడులకు, పిమ్మట కళాశాలలకు వచ్చిరి. కాకినాడ పిఠాపురపు రాజావారి కళాశాలలో 1904 మొదలు 1919 వరకు అధ్యక్షులుగా నుండిన రఘుపతి వెంకటరత్నము నాయుడుగారు బాలికలకును ద్వారము తెరచిరి. ఆయన విద్యార్థులకు బోధించినది శీలశుద్ధి. భోగముమేళములకు పోవుటయే మర్యాదగా సాగుచున్న కాలమున అది సాహసమే; ఆయన శిష్యులు వందలకొలది ఆ దురాచారమునకు దూరమైరి. కాని ఆ బోధ నిషేధరూపము. ఏది చేయరాదో తెలిసెను. ప్రక్క బల్లపై కూర్చున్న సహాధ్యాయినితో ఎట్లు మాటాడవలెనో, మనస్సు లాగినప్పుడు ఏమి చేయవలెనో, ఆమె వలదన్నచో ఆ దుఃఖమును ఎట్లు మోయవలెనో అందు లేదు. స్త్రీ తల్లి యైనను కావలెను, పతిత యైనను కావలెను. స్నేహితురాలగుటకు ఆ బోధలో చోటు లేదు.

ఇంచుమించు ఆ కాలముననే బొంబాయిలో వేరొక గణితోపాధ్యాయుడు పని చేయుచుండెను. స్త్రీవిద్యకై జీవితమును ధారపోసి, 1916లో స్త్రీల విశ్వవిద్యాలయమును నెలకొల్పిన ధోండో కేశవ కర్వే గారి పెద్దకుమారుడు రఘునాథుడు. సంతాననిరోధమును గూర్చి ప్రచారము చేసినందుకు కళాశాల యుద్యోగము వదలుకొనవలసి వచ్చెను. 1927లో ‘సమాజస్వాస్థ్య’మను మరాఠీ మాసపత్రికను ప్రారంభించి 1953లో మరణించువరకు నడపెను. పాఠకులు సిగ్గుపడుచు వ్రాసిన ప్రశ్నలకు సిగ్గులేక జవాబులిచ్చుట ఆ పత్రిక వ్రతము. అశ్లీలమని కేసులు పడెను. 1934 నాటి కేసులో ఆయన పక్షమున వాదించినవారు డాక్టరు అంబేద్కరు. ఆ కేసు పాఠకుల ప్రశ్నలకిచ్చిన జవాబులను గూర్చియే. కర్వే ఓడిపోయెను, పత్రిక మాత్రము ఆగలేదు. తండ్రి ఆడుపిల్లలను బడికి తెచ్చెను; బడికి వచ్చిన తరమునకు చెప్పవలసినది కుమారుడు చెప్పబోగా శిక్ష పడెను. తండ్రికి భారతరత్న వచ్చెను. కుమారుని పేరు మన తెలుగు పాఠకులలో ఎందరు విందురో!

ఈ విషయమున గాంధీమహాత్ముని మాట చాలమందికి ఆశ్చర్యము కలిగించును. కృత్రిమ సంతాననిరోధమును ఆయన ఒప్పుకొనలేదు; ఇంద్రియనిగ్రహమే ఆయన మార్గము. అయినను 1936 నవంబరున ‘హరిజన’ పత్రికలో, కన్నులు మూసికొనుటచేత కామమును జయింపలేమనియు, బాలబాలికలకు జననేంద్రియముల ప్రయోజనమును బోధింపవలెననియు ఆయన తేటగా వ్రాసెను. లక్ష్యము నిగ్రహమే, మార్గము మాత్రము జ్ఞానము. నిగ్రహపక్షమువారు ఆయన పేరు చెప్పి ఈ రెండవ సగమును దాచుట మేము పలుసార్లు చూచితిమి.

స్వరాజ్యము వచ్చిన తరువాతి శాసనముల కథను త్వరగా చెప్పవచ్చును. 1949లో బాలిక వివాహవయస్సు పదునైదు, 1978లో పదునెనిమిది, బాలునకు ఇరువదియొకటి. కాగితముపై గెలుపు పూర్తియైనది. ఆచరణలో కాలేదు. 2019-21 నాటి జాతీయ కుటుంబారోగ్య సర్వేలో, ఇరువది మొదలు ఇరువదినాలుగేండ్ల స్త్రీలలో పదునెనిమిది నిండకముందే పెండ్లియైనవారు ఆంధ్రప్రదేశమున నూటికి 29.3, తెలంగాణమున 23.5. వీరేశలింగముగారి పని యింకను మిగిలియున్నదన్న మాట.

బడులలో బోధ విషయమేమైనది? 2005లో కేంద్ర విద్యాశాఖయు జాతీయ ఎయిడ్స్ నియంత్రణ సంస్థయు కలిసి కౌమారవిద్యా కార్యక్రమమును తెచ్చినవి. 2007 నాటికి మహారాష్ట్రము, గుజరాతు, మధ్యప్రదేశము, కర్ణాటకము మొదలగు రాష్ట్రములు దానిని నిలిపివేసెను. 2009లో రాజ్యసభ వినతుల సంఘము, మన తెలుగువారే యగు ముప్పవరపు వెంకయ్యనాయుడుగారి యధ్యక్షతన, అట్టి విద్య మన సంస్కృతికి తగదనియు, శరీరవిషయములను జీవశాస్త్రమున ప్లస్ టూ తరగతులకు ముందు చెప్పరాదనియు నివేదించెను. ఆ నివేదికతో మేము ఏకీభవింపము. పండ్రెండవయేట మొదలగు దానిని పదునేడవయేట చెప్పుట, వాన వెలిసిన పిమ్మట గొడుగు పంచుటవంటిది. ఐతే ఆ కార్యక్రమమున నొక లోపము మాకును కనబడును. అది రోగభయము నుండి పుట్టినది. ప్రేమ యన్న మాట తెలియక తహతహపడు పిల్లవానికి మొదటి పాఠమే యెయిడ్స్ అయినచో, వాడు వినునా? ఇట్టి బోధ వలన పిల్లలు త్వరపడి దారి తప్పుదురన్న భయమునకు ఆధారము లేదని 2018లో యునెస్కో సంస్థ అనేక దేశముల పరిశోధనలను పరిశీలించి ప్రకటించెను. మనవారి భయము మాత్రము తగ్గలేదు.

ఇంతవరకు చరిత్ర చెప్పితిమి. మేము చూచిన సంగతి యొకటి చెప్పక పోయినచో ఈ వ్యాసము కపటమగును. కొన్ని యేండ్ల క్రిందట మేము పని చేసిన యొక బడిలో తొమ్మిదవ తరగతి బాలిక పుస్తకమున ఒక ఉత్తరము దొరకెను. ఆమె వ్రాసినదే, ఇంకను ఇయ్యలేదు. ప్రధానోపాధ్యాయుని గదిలో దానిని బిగ్గరగా చదివిరి. అందు రెండు వాక్యములు తప్పులు లేక మాకు జ్ఞాపకమున్నవి కావు, భావము మాత్రమున్నది. అతనితో మాటాడవలెనని యెప్పుడును అనిపించుచున్నదనియు, ఇది తప్పో కాదో తెలియుట లేదనియు, నీకు తెలిసినచో చెప్పుమనియు. అది ప్రేమలేఖ కాదు, ప్రశ్న. అడుగుటకు వేరెవరును లేక, తనవలెనే యేమియు తెలియని పిల్లవాని నడిగినది. తల్లిదండ్రులను పిలిపించిరి. తండ్రి తల వంచుకొని కూర్చుండెను. దసరా సెలవులైన పిమ్మట ఆ పిల్ల బడికి రాలేదు. పెండ్లి చేసిరని తరువాత తెలిసినది. ఆమెకు పదునైదేండ్లు. ఆ గదిలో మేమును ఉంటిమి. శారదా శాసనమును పరీక్షకొరకు చెప్పుటలో మాకు మంచి పేరు. ఆనాడు మేము నోరు తెరువలేదు.

పల్లెలలోను పట్టణములలోను మేము వినుచున్న యాక్షేపణ యొకటే: మనము చెప్పకున్న పిల్లలు అమాయకులుగా నుందురని. ఆ కాలము పోయినది. వదిన హైదరాబాదులో, అమ్మమ్మ ఊరిలో, తలుపు వేసిన గదిలో పిల్లవాడును ఫోనును. నేటి గిరీశమునకు అగ్రహారము వరకు బండి యెక్కి రావలసిన పని లేదు. అతడు చూపు బొమ్మలలో బలవంతము ప్రేమగాను, వెంటపడుట శౌర్యముగాను కనబడును. మన చలనచిత్రములును ఆ పాఠమునే ఏండ్ల తరబడి చెప్పినవి. వలదన్న బాలికపై ఆమ్లము పోసిన వార్తలు మన రెండు రాష్ట్రములకును క్రొత్తవి కావు. ఆ బాలురకు నిరాకరణమును భరించుట ఎవరైన నేర్పిరా?

ఇక శాసనమున్నది. 2012 నాటి పోక్సో చట్టము ప్రకారము పదునెనిమిదేండ్ల లోపువారి సమ్మతికి విలువ లేదు. అంతకు పూర్వము ఆ హద్దు పదునారు. పిల్లలను దుర్మార్గుల నుండి కాపాడుటకు పుట్టిన మంచి చట్టమిది. కాని పదునేడేండ్ల యిద్దరు ఇష్టపడి ఊరు విడిచినను కేసగును, బాలుడు నేరస్థుడగును. 2023లో లా కమిషను ఈ హద్దును తగ్గింపవలదనియే చెప్పెను. తగ్గింపవలెనా వలదా యన్నది పెద్దల వాదము. మాకును నిశ్చయము లేదు. అయితే ఇట్టి చట్టమొకటి కలదని తొమ్మిదవ తరగతిలో ఎవరును చెప్పకుండుట మాత్రము ఘోరము. నిప్పు నున్నదని చెప్పక, కాలినవానిని దండించుచున్నాము.

ఆ పిల్ల పోయిన యేడాది మేము వేరొక బడికి వచ్చితిమి. ఇచ్చట తొమ్మిదవ తరగతివారికి సాంఘికశాస్త్రములో సంస్కరణోద్యమము వచ్చినప్పుడు, పుస్తకములోని నాలుగు పంక్తులకు మారుగా రఖ్మాబాయి కథను ఒక గంట చెప్పుదుము. మొదటిసారి చెప్పి ముగించినపుడు వెనుక వరుస నుండి ఒక బాలుడు లేచి, “ఆమె రానన్నప్పుడు అతడేమి చేయవలసి యుండెనండీ?” అని యడిగెను. తరగతి నవ్వెను. మేము నవ్వలేదు. అతడు నిజముగా అడిగినాడు. “ఊరకుండవలసి యుండెను” అంటిమి. “ఊరక యెట్లుండును? అతనికి ఇష్టము గదా” అనెను. ఆ గంట చాలలేదు. మరునాడును అదే మాట సాగెను. ఇష్టమన్నది హక్కు కాదని చెప్పుటకు దుష్యంతుని తెచ్చితిమి, పనికిరాలేదు. చివరకు క్రీడామైదానమున ఆడనన్నవానిని ఆటలోనికి ఈడ్చుకొని పోవుదురా యని యొక బాలిక యడిగినప్పుడు వానికి తెలిసెను.

పిమ్మట బల్లపై ఒక అట్టపెట్టె నుంచితిమి. పేరు వ్రాయక చీటీ వేయవచ్చును. శుక్రవారము చివరి గంటలో జవాబు. మొదటి వారము వచ్చినవి తొమ్మిది చీటీలు, అందు అయిదు వేళాకోళము. ఇప్పుడు వేళాకోళము తగ్గినది. ఎవరిపైననో మనస్సు పడినచో చదువు పోవునా, పెదవులపై మీసము రాకున్న రోగమా, స్నేహితుడు ఫోటో పంపుమనుచున్నాడు కాదన్న కోపించునా, అమ్మకు చెప్పవచ్చునా — ఇట్టివి. ఆడుపిల్లల శరీరమును గూర్చిన ప్రశ్నలు కొన్నిటికి మేము తగినవారము కాము. వాత్స్యాయనుని పట్టికలో సంస్కృతపు పంతులు లేడని పైననే చెప్పితిమి గదా. జీవశాస్త్రము చెప్పు ఉపాధ్యాయిని నడిగితిమి. ఆమె, తమ తరగతిలో ఆ పాఠమును ఇంటిలో చదువుకొనుడని విడిచిపెట్టుచున్నానని ఒప్పుకొని, రెండు దినములు ఆలోచించి సరే యనినది. ఒకరిద్దరు తల్లిదండ్రులు ఇదేమి చదువని బడికి వచ్చిరి. పెట్టెలోని చీటీలను, వ్రాత గుర్తు పట్టకుండ వేరుగా వ్రాయించి, వారి చేతికిచ్చితిమి. ఒక తండ్రి వానిని చదివి, ఈ శుక్రవారము తానును వచ్చి వెనుక కూర్చుండవచ్చునా యని యడిగెను. పిల్లల నడుగవలె నంటిమి. వారు వలదనిరి. ఆయన ఒప్పుకొని వెళ్ళెను.